11 ఏళ్ల నిర్బంధం నుంచి ఇంటికి వస్తున్న మనిషికి మొదటి మూడు నెలలు ఎలా అమర్చాలి?

ముంగిలి:

మా అన్నయ్య 11 ఏళ్ల తర్వాత ఇంకో మూడు వారాల్లో విడుదలవుతున్నాడు. వయసు 46. చివరి రెండేళ్లలో ఎక్కువ భాగం ఒంటరి గదిలోనే గడిచింది. ఇంట్లో వదిన, 13 ఏళ్ల అమ్మాయి ఉన్నారు. అన్నయ్య వెళ్లేనాటికి పాపకి రెండేళ్లు.

ధైర్యం చెప్పేవాళ్లు చాలామంది ఉన్నారు. నాకు కావలసింది పనుల వరుస. గేటు దగ్గర ఏం అడిగి తీసుకోవాలి? డాక్టరుకి ముందుగా ఏం చూపించాలి? ఏ కాగితం ముందు, ఏది తర్వాత? నిద్ర, జనం, డబ్బు, ఫోను వీటిని ఏ మోతాదులో పరిచయం చేయాలి? ఏ పొరపాటు చేస్తే దిద్దుకోవడం కష్టం? ఈ విషయం బాగా తెలిసినవాళ్లు వివరంగా రాయండి. ఎంత పొడవున్నా చదువుతాను.

కాగితంపడవ:

ముంగిలి గారూ, మూడు వారాలు చేతిలో ఉన్నాయి కాబట్టి గేటు పని ఇవాళే మొదలుపెట్టండి. విడుదల రోజున లోపలివాళ్లకి సంతకాల తొందర, మీకు ఇల్లు చేరాలన్న తొందర. ఆ హడావిడిలో వదిలేసిన ఒక్కో కాగితం కోసం మళ్లీ అదే గేటుకి వెళ్లాలి. ఆ ప్రయాణం ఆయన చేత చేయించకూడదు.

వకీలు ద్వారా ముందే రాతపూర్వకంగా అడగాల్సినవి ఇవి. విడుదల ఉత్తర్వు, వీలైతే ఫొటో అంటించి ఆ ఫొటో మీద ముద్ర పడినది. లోపలికి వెళ్లిన తేదీ, బయటికి వచ్చిన తేదీ రెండూ ఉన్న ధ్రువపత్రం. వైద్య రికార్డు మొత్తం. ఇప్పుడు వాడుతున్న మందుల చీటీ, దాంతోపాటు కనీసం రెండు వారాలకు సరిపడా మందులు. లోపల నేర్చుకున్న పనికీ చదువుకీ ఇచ్చిన సర్టిఫికెట్లు. ఆయన పేరు మీద మిగిలిన డబ్బు లెక్క. వెళ్లిననాడు జమ చేయించుకున్న వస్తువుల జాబితా. షరతుల మీద వదులుతుంటే ఆ షరతుల నకలు.

2015లో ఐక్యరాజ్యసమితి ఆమోదించిన నెల్సన్ మండేలా నియమాల్లో 108వ నియమం సరిగ్గా దీని గురించే. విడుదలైన మనిషికి తగిన గుర్తింపు కాగితాలు, ఉండడానికి చోటు, వాతావరణానికి తగ్గ బట్టలు, గమ్యం చేరడానికీ మొదటి రోజులు గడవడానికీ సరిపడా ఆసరా ఉండేలా చూడాలంటుంది. దాన్ని పట్టుకుని కోర్టుకి వెళ్లి గెలుస్తామని కాదు. అర్జీలో ఆ నియమాన్ని ప్రస్తావిస్తే మీరు అడుగుతున్నది దయ కాదనీ, బాధ్యత అనీ ఎదుటివాళ్లకి అర్థమవుతుంది.

గేటు దాటకముందే ప్రతి కాగితంలో నాలుగు చూడండి: పేరు అక్షరాలు, తండ్రి పేరు, పుట్టిన తేదీ, ముద్ర. అక్షరం తేడా అక్కడే దిద్దించుకుంటే పది నిమిషాల పని. బయటికొచ్చాక అదే పనికి నెలలు పడుతుంది. ఇంటికొచ్చిన రోజే అన్నిటికీ ఐదేసి నకళ్లు తీయించి, ఫొటోలు తీసి ఇద్దరి దగ్గర ఉంచండి. అసలు కాగితాలకి లామినేషన్ మాత్రం చేయించకండి. ముద్రని తడిమి చూసి నమ్మే కార్యాలయాలున్నాయి, లామినేట్ చేసింది వెనక్కి ఇచ్చేస్తారు.

ఇక వరుస. గుర్తింపు కాగితానికి చిరునామా అడుగుతారు, చిరునామా కాగితానికి గుర్తింపు అడుగుతారు, బ్యాంకు రెండూ అడుగుతుంది, ఫోను నంబరు లేనిదే ఏ దరఖాస్తూ కదలదు. విత్తు ముందా చెట్టు ముందా అన్నట్టు తిరుగుతుంది ఈ చక్రం. ఎక్కడ తెంపాలంటే జనన నమోదు దగ్గర. జనన నమోదు నకలు, విడుదల ఉత్తర్వు, పాత బడి సర్టిఫికెట్ ఈ మూడూ ఒకే పేరుతో, ఒకే తేదీతో ఉంటే మిగతావన్నీ వాటి వెనకే వస్తాయి. మూడింట్లో ఒకదాంట్లో తేడా ఉన్నా ముందు అదే సరిచేయించండి, లేకపోతే ఆ తప్పు కొత్త కాగితాల్లోకీ పాకుతుంది. గడువు తీరిన పాత కార్డులేవైనా ఇంట్లో ఉంటే పారేయకండి. కొత్తది తీసుకోవడం కన్నా పాతది పునరుద్ధరించుకోవడం దాదాపు ఎప్పుడూ తేలిక.

ఒక నోటుపుస్తకం పెట్టండి. తేదీ, కార్యాలయం, ఏ కిటికీ, ఎవరితో మాట్లాడారు, రసీదు నంబరు, మళ్లీ ఎప్పుడు రమ్మన్నారు. పేజీకి ఒక కాగితం కథ. రోజుకి ఒక్క కార్యాలయమే, వారానికి రెండు దాటొద్దు. వరుసలో గంటసేపు నిలబడి, కిటికీ అవతలి మనిషి జవాబు కోసం కాచుకోవడం లోపలి జీవితాన్ని అచ్చంగా గుర్తుచేస్తుంది. తిరిగొచ్చాక ఆ పూట మరే పనీ పెట్టకండి.

ఇంకో మాట, ఇది చాలా గట్టిగా చెబుతున్నాను. మొదటి 30 రోజులు ఆయన చేత ఏ సంతకమూ పెట్టించకండి. ఆస్తి పంపకం, హామీ సంతకం, అప్పు, రాజీ పత్రం, పత్రికలవాళ్లతో ఒప్పందం ఏదీ వద్దు. ఎంత దగ్గరివాళ్లు తెచ్చినా సరే. అన్యాయంగా నిర్బంధించారని పరిహారం అడిగే అవకాశం ఉంటే రాజీ పత్రంలో ఒక్క వాక్యం ఆ తలుపు మూసేస్తుంది. అలాంటి దావాలకి గడువు కూడా ఉంటుంది కాబట్టి మొదటి నెలలో వకీలుని కలవడం మాత్రం వాయిదా వేయకండి.

వేపనీడ:

కాగితాల సంగతి పైన చెప్పారు. నేను ఒంటి సంగతి చెప్తాను.

ఇంటికి తెచ్చే ప్రయాణం నుంచే మొదలవుతుంది. ఏళ్ల తరబడి వాహనం ఎక్కని మనిషికి అరగంటలోనే తల తిరిగి వాంతి రావచ్చు. ముందు సీట్లో కూర్చోబెట్టండి, కిటికీ తీసి ఉంచండి, గంటకోసారి ఆపండి, బయల్దేరే ముందు కడుపు నింపకండి. కళ్లకి ఎండ కొడుతుంది కాబట్టి చలువ అద్దాలో అంచున్న టోపీయో ఉంచండి. దూరాలు చూసే అలవాటు తప్పిపోయి ఉంటుంది. ఎదురుగా వచ్చే బండి ఎంత దూరంలో ఉందో, ఎంత వేగంగా వస్తోందో అంచనా కుదరదు. మొదటి నెల రోడ్డు దాటేటప్పుడు పక్కన ఎవరో ఒకరు ఉండాలి. డ్రైవింగ్ లైసెన్సు చెల్లుబాటులో ఉన్నా మూడు నెలల దాకా బండి వద్దు. ఆ తర్వాత కూడా మళ్లీ నేర్చుకున్నట్టే మొదలుపెట్టాలి.

తిండి. ఇన్నాళ్ల లోటు ఒక్కరోజులో తీర్చాలనిపిస్తుంది అందరికీ. మామూలుగా తింటూ వచ్చిన మనిషైతే నూనె, తీపి ఒక్కసారిగా పెరిగినందుకు విరేచనాలతో పోతుంది. కానీ బాగా చిక్కిపోయి ఉంటే అది ప్రాణాపాయం. బీఎంఐ (ఎత్తుకి తగ్గ బరువు ఉందో లేదో చెప్పే అంకె) 16 కన్నా తక్కువ ఉన్నా, గత మూడు నుంచి ఆరు నెలల్లో బరువు 15 శాతానికి మించి తగ్గినా, నిరాహార దీక్ష వల్లో జబ్బు వల్లో 10 రోజులకి పైగా దాదాపు ఏమీ తినకున్నా ఇంటికి కాదు, నేరుగా ఆసుపత్రికి తీసుకెళ్లండి. పస్తున్న ఒంట్లోకి పిండిపదార్థం ఒక్కసారిగా చేరితే ఇన్సులిన్ పెరిగి రక్తంలోని ఫాస్ఫేట్, పొటాషియం, మెగ్నీషియం కణాల్లోకి వెళ్లిపోతాయి. రక్తంలో అవి పడిపోయి గుండె లయ తప్పుతుంది. అందుకే డాక్టర్లు ముందు థయమిన్ (విటమిన్ బి1) ఇచ్చి, కిలో బరువుకి రోజుకి 10 కిలోకేలరీలకి మించకుండా మొదలుపెట్టి, నాలుగు నుంచి ఏడు రోజుల మీద పెంచుకుంటూ పోతారు. మొదటి ఐదు రోజుల్లో కాళ్ల వాపు, ఆయాసం, గుండెదడ, మాట తడబాటు కనిపిస్తే ఆగకుండా ఆసుపత్రికి వెళ్లాలి.

మొదటి వారంలో డాక్టరుని కలిసినప్పుడు: దగ్గు, జ్వరం, రాత్రి చెమటలు, బరువు తగ్గడం ఈ నాలుగింట్లో ఏది ఉన్నా క్షయ పరీక్ష. కిక్కిరిసిన, గాలి ఆడని చోట్ల అది బయటికన్నా చాలా రెట్లు ఎక్కువ. ఇంట్లో పిల్ల ఉంది కాబట్టి లక్షణాలు లేకున్నా ఛాతీ ఎక్స్‌రే అడగండి. హెపటైటిస్ బి, సి, హెచ్‌ఐవీ పరీక్షలు ఆయన ఒప్పుకుంటేనే. ఫలితం ముందు ఆయనకే చెప్పాలి, వరండాలో కూర్చున్న బంధువులకి కాదు. రక్తపోటు, చక్కెర, హిమోగ్లోబిన్, బి12, విటమిన్ డి. ఎండ సోకని గదిలో రెండేళ్లున్న మనిషికి డి తక్కువే ఉంటుందనుకోండి. తొడలు బలహీనపడి మెట్లెక్కలేకపోవడం, ఎముకల నొప్పి దాని గుర్తులు. పళ్లు, కళ్లు మర్చిపోవద్దు. నలభై దాటాక వచ్చే చత్వారం ఆయనకి లోపలే వచ్చి ఉంటుంది. ఫోను చూడలేకపోతే కొత్త వస్తువంటే భయమని మనం అనుకుంటాం, తీరా చూస్తే కావలసింది కళ్లజోడు.

నడక రోజుకి 15 నిమిషాలతో మొదలుపెట్టి మూడు రోజులకోసారి ఐదు నిమిషాలు పెంచండి. ఉత్సాహం కొద్దీ మొదటిరోజే గంట నడిస్తే మడమ నొప్పి పట్టుకుని నెల వదలదు. మెత్తటి అడుగున్న బూట్లు, పాదం కొలత మళ్లీ తీయించి కొనండి. పాత సైజు సరిపోకపోవచ్చు.

ఆయన వాడే మందుల్లో నిద్రకో ఆందోళనకో ఇచ్చే బెంజోడయాజెపీన్లు ఉంటే హఠాత్తుగా ఆపొద్దు, మూర్ఛ రావచ్చు. తగ్గించడం డాక్టరు పని. ఇంకొకటి మీ అన్నయ్యకి వర్తించకపోవచ్చు గానీ చదివే మరొకరికి పనికొస్తుంది. గతంలో మత్తుమందుల అలవాటు ఉన్నవాళ్లు బయటికొచ్చిన మొదటి రెండు వారాలు అన్నిటికన్నా ప్రమాదం. లోపల ఉన్నంతకాలం ఒంటి తట్టుకునే శక్తి పడిపోతుంది, పాత మోతాదే చంపేస్తుంది. అమెరికాలోని వాషింగ్టన్ రాష్ట్రంలో జైళ్ల నుంచి విడుదలైనవాళ్ల మీద 2007లో వెలువడిన అధ్యయనంలో, మొదటి రెండు వారాల్లో మరణించే ప్రమాదం మిగతా జనంతో పోలిస్తే 12.7 రెట్లు ఉంది. మత్తుమందు మోతాదు మించి మరణించే ప్రమాదమైతే 129 రెట్లు. అలాంటి ఇంట్లో నాలాక్సోన్ (హెరాయిన్ లాంటి మత్తుమందు మోతాదు మించితే దానికి విరుగుడు) అందుబాటులో ఉండాలి, దాన్ని ఎలా ఇవ్వాలో ఇద్దరికైనా తెలిసుండాలి.

తూర్పుకిటికీ:

అన్నయ్య గుమ్మం ముందు ఆగి నిలబడిపోతే కంగారు పడకండి, ఆట పట్టించకండి. లోపల తలుపు తీయడం ఆయన పని కాదు, 11 ఏళ్లుగా ఇంకొకరు తీస్తేనే తెరుచుకుంది. ఇలా లోపలి పద్ధతి ఒంటికి పట్టేయడాన్ని 1940లోనే డోనాల్డ్ క్లెమ్మర్ అనే పరిశోధకుడు ప్రిజనైజేషన్ అన్నాడు. అక్కడ బతకడానికి పనికొచ్చిన అలవాట్లే ఇవన్నీ. మాట తక్కువ, ముఖంలో భావం కనబడనివ్వకపోవడం, తిండి గబగబా తినడం, వస్తువులు దాచుకోవడం, గోడకి వీపు ఆనించి కూర్చోవడం. వీటిని జబ్బులా చూస్తే దాచుకుంటాడు. అవసరం లేదని ఒంటికి తెలిసినకొద్దీ అవే సడలుతాయి.

కాబట్టి ముందు ఇల్లు సిద్ధం చేయండి. మొదటిరోజే చేతిలో ఇంటి తాళంచెవి ఒకటి ఆయనకంటూ పెట్టండి. ఆయన పడుకునే గదికీ స్నానాలగదికీ లోపలి గడియ సరిగ్గా పడుతోందో లేదో చూడండి. బయట గడియ ఉంటే తీసేయించండి. తలుపులు దబాలున పడకుండా రబ్బరు ముక్కలు అంటించండి. తాళాల గుత్తి గలగల, ఇనుప గేటు చప్పుడు, బరువైన బూట్ల అడుగులు, ఈ మూడు చప్పుళ్లకే ఒళ్లు జలదరిస్తుంది ఎక్కువమందికి. గేటు బందులకి నూనె వేయడం పది నిమిషాల పని, దాని విలువ చాలా పెద్దది. కుర్చీ తలుపు కనిపించేలా వేయండి. వెనకనుంచి వచ్చి భుజం మీద చెయ్యి వేయొద్దని ఇంట్లో అందరికీ, ముఖ్యంగా పిల్లలకి చెప్పండి.

ఎంపికలు. లోపల రోజంతా వేరేవాళ్లు నిర్ణయించినదే. బయట ఒక్క పూటలో వంద నిర్ణయాలు. "ఏం తింటావు, ఎక్కడికెళ్దాం, ఏం కొందాం" అని ప్రేమగానే అడుగుతాం, ఆయనకి ఊపిరాడదు. మొదటి వారం రెండింట్లో ఒకటి అడగండి. "ఇదా, అదా?" జవాబు రాకపోతే మీరు తేల్చేయకుండా ఒక నిమిషం ఆగండి. ఆ నిమిషం చాలా పొడవనిపిస్తుంది, అయినా ఆగాలి. రెండో వారం మూడింట్లో ఒకటి. నెల గడిచాక రోజుకి ఒక పూట పూర్తిగా ఆయన ఇష్టానికి వదిలేయండి. అంతా మనమే చేసిపెడితే లోపలి జీవితాన్నే ఇంకాస్త మెత్తగా పొడిగించినట్టవుతుంది. అంతా ఆయన మీదే పెడితే గదిలోంచి బయటికి రాడు.

రోజుకి నాలుగు మేకులు కొట్టండి: లేచే వేళ, తిండి వేళలు, నడక, దీపం ఆర్పే వేళ. మిగతాది ఖాళీగా ఉండనివ్వండి. అసలేమీ లేని రోజు భయంకరంగా ఉంటుంది, నిండా పనులున్న రోజూ అంతే.

నిద్ర అన్నిటికన్నా ఆలస్యంగా కుదురుతుంది. రాత్రంతా వెలిగే దీపం కింద, లెక్కింపు కోసం ఎప్పుడు లేపుతారో తెలియక పడుకున్న ఒళ్లు అది. ఎక్కడ పడుకోవాలో ఆయన్నే తేల్చుకోనివ్వండి. పరుపు వదిలి నేల మీద పడుకున్నా, దీపం ఉంచమన్నా, తలుపు తీసి ఉంచమన్నా సరే అనండి. రాత్రి నిద్ర పట్టినా పట్టకపోయినా లేచే వేళ మాత్రం మారకూడదు. లేచిన గంటలోపు అరగంట ఆరుబయట వెలుతురులో ఉండాలి, ఒంటి గడియారాన్ని సరిచేసేది అదే. పగటి కునుకు 30 నిమిషాలు దాటొద్దు. మధ్యాహ్నం తర్వాత కాఫీ, టీ వద్దు. 20 నిమిషాల్లో నిద్ర రాకపోతే లేచి వేరే చోట కూర్చుని, కళ్లు మూతపడుతున్నప్పుడు మళ్లీ పడుకోవాలి. పీడకలొచ్చి కేక వేస్తే ముట్టుకోకండి. కాళ్ల వైపు దూరంగా నిలబడి, పేరు పెట్టి పిలిచి, ఎక్కడున్నాడో చెప్పండి.

రెండేళ్లు ఒంటరి గది అన్నారు. రోజుకి 22 గంటలు, అంతకన్నా ఎక్కువ మనిషి మాట లేకుండా ఉంచితే దాన్నే మండేలా నియమాలు ఏకాంత నిర్బంధం అంటాయి. వరసగా 15 రోజులు దాటితే అది దీర్ఘకాలికం, నిషిద్ధం. దాని తర్వాత సంభాషణే శ్రమ. ఇద్దరు ఒకేసారి మాట్లాడుతూ పక్కన టీవీ కూడా నడుస్తుంటే ఏ మాటా బుర్రకెక్కదు. చూడ్డానికి వచ్చేవాళ్లు ఒక విడతకి ఇద్దరు, అరగంట. ఆయన లేచి నీళ్లు తాగడానికి వెళ్తే చాలించాలన్న గుర్తు అని ముందే అనుకోండి. ఫొటోలు, వీడియోలు తీయొద్దని గుమ్మం దగ్గరే చెప్పేయండి.

జనంలోకి వెళ్లడం మెట్లుమెట్లుగా. గేటు దాకా, వీధి చివరి దాకా, ఖాళీ వేళలో చిన్న దుకాణానికి మూడు వస్తువుల చీటీతో, తర్వాత రద్దీ వేళలో అదే దుకాణానికి. కలత సున్నా నుంచి పది దాకా ఎంతుందో ఆయన్నే అంకె చెప్పమనండి. ఎనిమిదికి ఎక్కిందని వెంటనే వచ్చేయకుండా, ఒక పక్కన నిలబడి ఐదుకి దిగాక రావాలి. ఎనిమిది దగ్గర పారిపోతే ఆ చోటు భయం ఇంకా గట్టిపడుతుంది. అదే మెట్టు మూడు నాలుగుసార్లు ఎక్కాకే పై మెట్టు.

లోపల ఏం జరిగిందో కూర్చోబెట్టి చెప్పించకండి. ఒక్కసారి మొత్తం కక్కేస్తే తేలికవుతుందన్నది నిజం కాదు, ఒక్క విడత బలవంతపు చెప్పింపు మేలు చేయదని వైద్యులే ఆ పద్ధతి మానేశారు. చెప్పినప్పుడు వినండి, ఆపినప్పుడు ఆగండి. ఉలికిపాటు, పీడకలలు, జనానికి దూరంగా ఉండడం నెల దాటినా తగ్గకపోతే మనసుకి తగిలిన గాయాల మీద పనిచేసిన మానసిక వైద్యులని కలవండి. చనిపోవాలన్న ఆలోచన వస్తోందా అని సూటిగా అడగడానికి వెనకాడకండి. అడిగితే ఆ ఆలోచన పుట్టదు, దాచుకున్నది బయటికొస్తుంది. వస్తోందంటే ఒంటరిగా వదలకుండా అదే రోజు డాక్టరు దగ్గరికి తీసుకెళ్లండి.

ముంగిలి:

అందరికీ నమస్కారాలు. గేటు బందులకి నూనె నాకు తట్టనే తట్టలేదు. రెండు సంగతులు మిగిలాయి. ఫోను ఎలా నేర్పాలి? పాత బ్యాంకు ఖాతా ఉంది, 11 ఏళ్లుగా కదలలేదు, అది ఉన్నట్టా పోయినట్టా? ప్రతి సోమవారం సంతకం పెట్టి రావాలన్న షరతు కూడా ఉంది.

నిదానం:

షరతుతో మొదలుపెడతాను, ఎందుకంటే తిరిగి లోపలికి పంపించగలిగేది అదొక్కటే. కొత్త నేరమేదీ చేయకుండా, ఒక సంతకం తప్పినందుకు వెనక్కి వెళ్లినవాళ్లుంటారు. సోమవారాన్ని మూడు చోట్ల రాయండి: గోడ క్యాలెండరు, ఆయన ఫోను అలారం, మీ ఫోను అలారం. అలారం ఆదివారం సాయంత్రానికీ పెట్టండి. రెండు గంటలు ముందు బయల్దేరండి. సొంత పుస్తకం ఒకటి తీసుకెళ్లి అక్కడివాళ్ల చేత తేదీ, సంతకం, ముద్ర వేయించుకోండి, వాళ్ల రిజిస్టర్ని మాత్రమే నమ్ముకోవద్దు. జ్వరమొస్తే ముందురోజే వకీలు ద్వారా రాతలో తెలిపి డాక్టరు చీటీ జతచేయండి. ఊరు దాటాలంటే అనుమతి నోటిమాటగా కాదు, కాగితం మీద. సోమవారం సెలవు వస్తే ఎప్పుడు రావాలో ముందు వారమే అడిగి రాయించుకోండి. అక్కడికి ఆయన్ని ఒక్కణ్నే పంపకండి, కనీసం మొదటి ఆరు వారాలు.

బ్యాంకు ఖాతా పోయినట్టు కాదు. ఏడాదో రెండేళ్లో కదలకపోతే నిద్రాణం అని గుర్తు వేస్తారు. పదేళ్లు దాటితే చాలా దేశాల్లో ఆ సొమ్ముని ఎవరూ అడగని డబ్బు కింద వేరే నిధికి మారుస్తారు, అయినా హక్కుదారు అడిగితే తిరిగివ్వాలి. పాత పాస్‌బుక్, కొత్త గుర్తింపు కాగితం, విడుదల ధ్రువపత్రం పట్టుకుని శాఖకి వెళ్లండి. ఇన్నేళ్లు ఎందుకు రాలేదన్నదానికి ఆ ధ్రువపత్రంలోని రెండు తేదీలే జవాబు. వెళ్లిన పనిలోనే ఇంకొకటి చేయించండి: ఖాతాకి కలిపి ఉన్న పాత ఫోను నంబరు తీసేయించండి. వాడని నంబర్లని కంపెనీలు వేరేవాళ్లకి ఇచ్చేస్తాయి. ఆయన పాత నంబరు ఇప్పుడు ఇంకెవరి జేబులోనో మోగుతుంటుంది, బ్యాంకు పంపే రహస్య సంకేతాలన్నీ (ఓటీపీలు) అక్కడికే వెళ్తాయి. ఆయన పేరు మీద పాత అప్పులున్నాయేమో, ఆయన లేనప్పుడు ఎవరైనా కొత్తవి తీసుకున్నారేమో అప్పుల చరిత్ర నివేదిక తెప్పించి చూడండి.

ఫోను. ముందు కొత్త నంబరు ఒకటి ఖాయం చేసుకుని దాన్నే అన్ని కాగితాలకీ ఇవ్వండి, రీచార్జి ఎప్పుడూ ఆగనివ్వకండి. తెర మీద నాలుగు గుర్తులే ఉంచండి: కాల్, కాంటాక్టులు, కెమెరా, గడియారం. అక్షరాల సైజు పెంచండి. మొదటి మూడు రోజులు కాల్ ఎత్తడం, పెట్టేయడం, ఛార్జింగు. తర్వాత పేరు చేర్చుకోవడం, మిస్డ్ కాల్ చూడడం. రెండో వారం సందేశాలు. మూడో వారం మ్యాపు, అదీ తెలిసిన దారిలో. చెల్లింపులు నెల తర్వాతే, చిన్న మొత్తం మాత్రమే ఉండే వేరే ఖాతాతో. ఫోను ఆయన చేతిలోనే ఉండాలి. మీరు లాక్కుని చేసి చూపిస్తే ఆ రోజు పాఠం వృథా. సోషల్ మీడియా తొందరేం లేదు. తన పేరు తనే వెతుక్కుని పాత వార్తలూ, వాటి కింద మాటలూ చదివే రోజు వస్తుంది, ఆ రోజు పక్కన ఎవరైనా ఉండడం మంచిది.

అన్నిటికన్నా పెద్ద ప్రమాదం మోసగాళ్ల ఫోను. "మీ కేసు మళ్లీ తెరిచారు, వారెంటు ఉంది, ఇప్పుడే డబ్బు కట్టకపోతే తీసుకుపోతాం" అని ఎవరో అంటే మామూలు మనిషి ఆలోచిస్తాడు. మీ అన్నయ్య ఒళ్లు ఆలోచించదు, చెప్పినట్టు చేస్తుంది. అధికార స్వరానికి లొంగడం అక్కడ ప్రాణం కాపాడిన అలవాటు. అందుకని ఇప్పుడే కాగితం మీద పెద్ద అక్షరాలతో రాసి ఫోను వెనక అంటించండి: "పెట్టేయాలి. వకీలుకి ఫోను చేయాలి." పక్కనే వకీలు నంబరు. వారానికోసారి మీరే మోసగాడిలా మాట్లాడి సాధన చేయించండి, ఆయనకి చెప్పే సుమా, హఠాత్తుగా కాదు. సంకేతం ఎవరు అడిగినా చెప్పకూడదన్నది కూడా ఆ కాగితం మీదే. రహస్య పదాలు పుస్తకంలో రాసుకోనివ్వండి గానీ, ఆ పుస్తకమూ ఫోనూ ఒకే సంచిలో ఉండకూడదు.

రెండోగది:

తూర్పుకిటికీ గారు చెప్పినవాటిలో ఒక్కదానికి చిన్న సవరణ. ఎక్కడ పడుకోవాలో ఆయన్నే తేల్చుకోనివ్వమన్నారు. ఆ గది 11 ఏళ్లుగా మీ వదినది కూడా. ఆవిడని వేరుగా, ఆయన వచ్చేలోపే అడగండి. మొదటి రాత్రి నుంచే ఒకే గదిలో ఉండాలని ఇద్దరి మీదా ఎవరూ ఒత్తిడి పెట్టకూడదు. రెండు పడకలు సిద్ధంగా ఉంచి, ఎవరు ఎక్కడ అన్న మాట వాళ్లిద్దరికే వదిలేయండి. నిద్రలో చేతులు విసిరే అలవాటుంటే వేరే పడక ఆవిడ భద్రతకి కూడా.

ఇన్నేళ్లూ ఇల్లు నడిపింది ఆవిడ. డబ్బు లెక్క, అమ్మాయి చదువు, ఏ బిల్లు ఏ తేదీన కట్టాలో ఆవిడకి తెలుసు. ఇంటి పెద్ద వచ్చాడు కదా అని తాళాలు, లెక్కలు ఒక్కసారి ఆయన చేతిలో పెట్టే బంధువులుంటారు. అది ఇద్దరికీ అన్యాయం. ఆవిడకి చేసిందంతా లాగేసుకున్నట్టుంటుంది, ఆయన మొదటి బిల్లుకే తడబడి చిన్నబోతాడు. మొదటి నెల లెక్కలు చూడనివ్వండి చాలు. రెండో నెల ఒక్క బిల్లు పూర్తిగా ఆయనది. మూడో నెల రెండు. ఆయన జేబు ఖర్చు మాత్రం మొదటిరోజు నుంచే, లెక్క అడగకుండా, వారానికోసారి ఒకే మొత్తం ఆయన చేతికే ఇవ్వండి. ప్రతి చిన్నదానికీ చెయ్యి చాపాల్సి రావడం లోపలితో సమానం.

అమ్మాయి. 13 ఏళ్ల పిల్లకి ఆయన ఫొటోల్లో మనిషి, ములాఖత్‌లో అద్దం అవతల కనిపించిన మనిషి. "నాన్నని కౌగిలించుకో" అని నలుగురిలో తోయకండి. ఆయన కూడా రెండేళ్ల పాపని మనసులో పెట్టుకుని వస్తాడు, ఎదురుగా తన భుజం దాకా ఎదిగిన పిల్ల ఉంటుంది. అందుకే ఈ మూడు వారాల్లో ఇటీవలి ఫొటోలు, తను రాసిన ఉత్తరం, ఇప్పుడు తనకి ఇష్టమైనవి, ఇష్టం లేనివి రాసిన పట్టిక లోపలికి పంపించండి, అనుమతిస్తే. వచ్చాక రోజూ ఒకే వేళకి 20 నిమిషాలు ఇద్దరూ కలిసి చేసే పని ఒకటి పెట్టండి. పక్కపక్కన కూర్చుని చేసేది మేలు: మొక్కలకి నీళ్లు, ఏదైనా బిగించడం, బొమ్మల ముక్కలు పేర్చడం. ఎదురెదురుగా కూర్చోబెట్టి మాట్లాడుకోమంటే ఇద్దరికీ నోరు పెగలదు. ఆ 20 నిమిషాలూ ఆమె విసుగ్గా ఉన్నా ఆయన రావాలి, ఆమె రాకపోయినా ఆయన అక్కడ కూర్చోవాలి. పిల్లలు మొదట చూసేది ఈ మనిషి మళ్లీ మాయమవుతాడా అని.

మందలించడం మొదటి ఆరు నెలలు వదినదే. ఆయనకి ఏదైనా నచ్చకపోతే వదినతో, పిల్ల లేనప్పుడు చెప్పాలి. బడిలో ఎవరైనా అడిగితే ఏం చెప్పాలో అమ్మాయినే అడిగి ఒక వాక్యం తయారుచేయండి. నిజమైనదీ, చిన్నదీ, ఆమె నోటికి వచ్చేదీ. ఆ వాక్యం అన్నయ్యకి కూడా ముందే తెలియాలి, బడి గేటు దగ్గర ఎవరైనా పలకరిస్తే ఇద్దరి నోటా ఒకటే మాట రావాలి.

కాగితంపడవ:

పని సంగతి ఎవరూ రాయలేదు కాబట్టి నాలుగు ముక్కలు. రెండు నెలల లోపు ఉద్యోగం మాట ఎత్తకండి, ఆయనే ఎత్తితే మాత్రం ఆపకండి. రోజుకి నాలుగు గంటలు, వారానికి మూడు రోజులతో మొదలుపెట్టే పని వెతకండి. వేళలు ఖాయంగా ఉండి, ఏం చేయాలో స్పష్టంగా చెప్పే చోటు మంచిది. కిటికీ లేని గది, ఇనుము మోగే కార్ఖానా, రాత్రి కాపలా వద్దు. దరఖాస్తులో 11 ఏళ్ల ఖాళీని అబద్ధంతో పూడ్చకండి, తర్వాత బయటపడితే పని పోతుంది. ఎక్కడున్నదీ ఒక వాక్యం, అక్కడ నేర్చుకున్నది ఒక వాక్యం, ఇప్పుడు చేయగలిగింది ఒక వాక్యం. మూడూ గట్టిగా చదివించి సాధన చేయించండి. తీర్పు కొట్టేసి ఉంటే దాని గురించి అసలు చెప్పాల్సిన అవసరం ఉందో లేదో వకీలుని అడిగాకే దరఖాస్తు నింపండి. పని ఇచ్చేవాళ్లకి సోమవారం సంతకం సంగతి చేరిన రోజే చెప్పి, ఆ పూట సెలవు రాతలో తీసుకోండి.